ఏలియా ఎడమ పక్క

పదకొండేళ్లు నేను ఏలియా వీపు చూసి బతికాను. వినడానికి ఎబ్బెట్టుగా ఉంటుంది గానీ గోల్‌కీపర్ బతుకే అంత. జట్టులో మిగతా పదిమంది ముందుకు చూస్తారు, ఆ పదిమంది వీపులు గోల్‌కీపర్ చూస్తాడు. ఏలియా మా రైలింజన్ల షెడ్డు ఫుట్‌బాల్ టీములో స్టాపర్ బ్యాక్, అంటే గోల్ ముందు నిలబడే ఆఖరి మనిషి. అతణ్ణి దాటి వచ్చిన బంతికి నేను దిక్కు, నన్ను దాటితే వల దిక్కు. గోల్ కొట్టినవాణ్ణి జనం భుజాల మీద ఎత్తుకుని ఊరేగిస్తారు. గోల్ పడకుండా ఆపినవాణ్ణి ఎవరు ఎత్తుకుంటారు చెప్పండి? వాడి పేరు కూడా ఎవరికీ గుర్తుండదు. అందుకే ఈ నాలుగు ముక్కలు రాస్తున్నాను.

నా పేరు కట్టయ్య, మాది మట్టెవాడ. కోపం నాకు ముక్కు మీదే ఉంటుంది, రాసేటప్పుడు కూడా దిగదు. మధ్యలో ఎక్కడైనా తిట్టు దొర్లితే అది చాలామటుకు నన్ను నేను తిట్టుకుంటున్నదే అనుకోండి. ఎందుకంటే ఏలియా ఎడమ కన్ను పోవడంలో బంతి పాపం ఎంతో, నా పాపం అంతకు రెండింతలు.

ఏలియా పుట్టింది 1952లో, ములుగు అవతల అడవిలో ఇరవై ఇళ్ల ఊళ్లో. తండ్రి యోసేపు కూలికి పోయేవాడు, ఆదివారం గుడిలో డోలక్ కొట్టేవాడు. తల్లి కృపమ్మ ఎండాకాలంలో తునికాకు కోసి కట్టలు కట్టేది. ఎనిమిదో ఏట ఏలియాను వరంగల్ తెచ్చి ఒక మిషన్ బోర్డింగులో వేశారు. అక్కడ సాయంత్రం ఆట తప్పనిసరి. పిల్లలకు బూట్లు లేవు గానీ బంతి మాత్రం ఉండేది. గ్రౌండుకు ముందుగా ఉరికొచ్చినవాళ్లు ఫార్వర్డ్‌లు, ఆ తర్వాత వచ్చినవాళ్లు మధ్యలో, ఆఖరున వచ్చినవాడు వెనక. అదే అక్కడి రూలు. ఏలియాది వంటింటి నీళ్ల డ్యూటీ. బావి నుంచి తోడి గాబులు నింపి, చేతులు నిక్కరుకు తుడుచుకుంటూ వచ్చేసరికి రోజూ వెనక చోటు ఒక్కటే మిగిలి ఉండేది.

"నేను బ్యాక్ అయింది బాయి కాడ అన్నా, గ్రౌండ్ల కాదు" అనేవాడు నాతో.

నిజమే. అతని ఆట నీళ్లు మోసేవాడి ఆటే. నిండు బిందె నెత్తిన ఉన్నవాడు గెంతులు వేయడు కదా. ఎదుటి ఫార్వర్డ్ బంతి తీసుకుని దూసుకొస్తుంటే మా రైట్ బ్యాక్ అయితే వాడి కాళ్లకు అడ్డంపడి ఇద్దరూ దొర్లేవాళ్లు. ఏలియా పడడు. అడుగులో అడుగు వేస్తూ వెనక్కి నడిచేవాడు, ఒక భుజం ముందుకు పెట్టి, ఒక పక్క దారి కావాలనే తెరిచిపెట్టి. "రా బిడ్డా, రా" అని మెల్లగా పిలిచేవాడు కూడా. ఆ పిల్లవాడు తెరిచిన దారి చూసి సంబరంగా అటు తిరిగేవాడు. అక్కడ గీత ఉండేది, గీత అవతల జనం ఉండేవాళ్లు, బంతి మాత్రం అప్పటికే ఏలియా కాలి కింద ఉండేది. వాడు పడిపోతే చెయ్యిచ్చి లేపి చొక్కాకంటిన మట్టి దులిపేవాడు. నాకు ఒళ్లు మండిపోయేది.

"వాడు మన ఎగస్పార్టీరా బయ్. బట్టలు గూడ ఉతికి ఇయ్యరాదు?" అని గోల్ లోంచి అరిచేవాణ్ణి.

వెనక్కి తిరగకుండానే ఒక చెయ్యి ఊపేవాడు, జర ఊకో అన్నట్టు.

1973లో ఇద్దరమూ ఒకే నెలలో కాజీపేటలో రైలింజన్ల షెడ్డులో ఖలాసీలుగా చేరాం, ఆట కోటాలో. ఇప్పటి పిల్లలు ప్రొఫెషనల్ అంటున్నారు. మా రోజుల్లో దాని అర్థం ఇది: పొద్దున ఏడింటికి హాజరు, మధ్యాహ్నం దాకా ఇంజన్ల కింద నూనె గుడ్డతో తుడుపు, సీజన్ నడిచేటప్పుడు రెండింటికి విడుదల, అక్కణ్ణుంచి పొద్దుగూకేదాకా బంతి. ఆట అయిపోయాక మనిషికి రెండు ఉడికిన గుడ్లు, ఒక అరటిపండు. 1978లో ఏలియాకు ప్రమీలతో పెళ్లయింది. ప్రమీల బాలవాడిలో పంతులమ్మ, గుడిలో పాట ఎత్తుకుంటే వెనక బెంచీల వాళ్లు కూడా సర్దుకుని కూర్చునేవాళ్లు. పెళ్లయిన నాటి నుంచి ఏలియా తన గుడ్లలో ఒకటి రుమాలులో చుట్టి ఇంటికి పట్టుకుపోయేవాడు. మేమంతా ఆటపట్టిస్తే సిగ్గుపడేవాడే గానీ మానలేదు.

ఇక ఆ పాడు మ్యాచ్ దగ్గరికి రావాలి. 1979, ఆగస్టు నెల. ములుగులో అక్కడి కుర్రాళ్ల జట్టుతో ఫ్రెండ్లీ మ్యాచ్. జీపులో ఇరుక్కుని పోయాం. గెలిచినవాళ్లకు ఒక స్టీలు గిన్నె ఇస్తారట, అంతే. అయినా ఏలియా ముఖం వెలిగిపోతోంది. కృపమ్మ కొడుకు ఆట చూడటం అదే మొదలు. గోనెసంచి కొప్పెరలా నెత్తిన కప్పుకుని, వానలో గీత పక్కన గొంతుక్కూర్చుంది.

ఒక గోలు మాది. ఆట ఇంకో ఐదు నిమిషాలు. గ్రౌండు దున్నిన మడిలా ఉంది, తోలు బంతి నీళ్లు తాగి గుండ్రాయి అయింది. నా గోల్ వెనక నిలబడ్డ ఒకడు ఆట మొదలైనప్పటి నుంచీ నా పొట్టితనం మీద ఏదో ఒకటి కూస్తూనే ఉన్నాడు. అప్పుడు పైనుంచి ఒక బంతి వచ్చింది. ఏలియా దాని కిందికి చేరుకుంటున్నాడు. నేను కదలాల్సిన పనే లేదు. కానీ వెనకవాడికి నా తడాఖా చూపించాలి కదా! గోల్ వదిలేసి ముందుకు ఉరికాను. జారి బురదలో బొక్కబోర్లా పడ్డాను. పడుతూ పడుతూ ఏలియా కాళ్లకు తగిలి అతణ్ణీ పడేశాను. బంతి పోయి ఎదుటి ఫార్వర్డ్ ముందు పడింది. నాలుగడుగుల దూరంలో ఖాళీ గోల్. వాడు బలమంతా పెట్టి తన్నాడు.

ఏలియా ఎప్పుడు లేచాడో, గోల్ గీత మీదికి ఎప్పుడు చేరాడో నేను చూడలేదు. కాలు ఎత్తే సమయం లేదు, తల తిప్పే సమయం లేదు. ముఖం అడ్డం పెట్టాడు. ఆ చప్పుడు నేను బురదలో పడుకుని విన్నాను.

కృపమ్మ గ్రౌండులోకి వచ్చేసింది. రిఫరీ కూడా ఆపలేదు. కొంగుతో కొడుకు ముఖం మీది బురద, నెత్తురు తుడుస్తూ అడిగింది.

"ఇదేనా బిడ్డా నీ నౌకరి?"

"గోల్ కాలేదమ్మా" అన్నాడు ఏలియా నవ్వుతూ. ఎడమ కన్ను అప్పటికే నిమ్మకాయంత ఉబ్బింది.

పది రోజుల్లో వాపు తీసింది. ఇక ఫికర్ లేదనుకున్నాం. ఇంకో నాలుగు రోజులకు ఇంజన్ కింద పని చేస్తూ ఏలియా నన్ను పిలిచాడు.

"అన్నా, ఎడమ కన్ను ముంగట దోమలు తిరుగుతానయి. కొడితే పోతలేవు."

"వానకాలం దోమలుండవా?"

"కుడి కన్ను మూస్తే ఉంటానయి. ఎడమ కన్ను మూస్తే ఉంటలేవు."

వారం గడిచాక, పక్క నుంచి నల్ల పరదా లాగినట్టుందన్నాడు. పోయి చూపించుకుందామా అని నన్నే అడిగాడు. నేను అతనికంటే రెండేళ్లు పెద్ద, అన్నా అని పిలుస్తాడు, నా మాట మీద నడుస్తాడు. ఆ రోజు నా నోరు పడిపోయినా బాగుండేది.

"బాయిలర్ కాడ మొగిలయ్య యాదికున్నడా?" అన్నాను. "కండ్లు మసకలున్నయని దవాఖానల చెప్పుకున్నడు. అన్‌ఫిట్ అని రాసిండ్రు. తెల్లారి నుంచి మల్ల షెడ్డుల కనపడ్డడా?"

"లేదు."

"మరి? ఇంటికి పంపిండ్రు. నువ్వు గూడ పోతవా? పెండ్లాన్ని ఏం పెట్టి సాకుతవ్? అమ్మకేం పంపుతవ్? ఒక కన్ను మంచిగుంది గద, రెండోది అదే మంచిగైతది. ఊకో."

అతని మంచికే చెప్పాననుకున్నాను. పూర్తిగా అతని మంచికే కాదు. ఏలియా పోతే నా ముందు ఎవడు నిలబడతాడు? వాడు ఎవడైనా సరే, నాకు వారానికి నాలుగు గోల్స్ పడతాయి, ఆ తర్వాత నా చోటు కూడా ఊడుతుంది. ఈ ఆలోచన నా కడుపులో ఉందని అప్పుడు నాకు నేనే ఒప్పుకోలేదు.

ఇంతలో గోరుచుట్టు మీద రోకటి పోటులాగా మెడికల్ పరీక్ష వచ్చిపడింది. షెడ్డులో అందరికీ ఐదేళ్లకోసారి కళ్లూ గుండే చూస్తారు. నా వంతు ఏలియా కంటే మూడు రోజులు ముందు. అక్కడ గోడకు అక్షరాల అట్ట వేలాడుతోంది, పైన పెద్ద అక్షరం ఒకటి, కిందికి పోయేకొద్దీ చిన్నవి. నా పరీక్ష కాగానే బయటికొచ్చి, టోపీ మరిచిపోయానని ఒకసారి, చీటీ మరిచిపోయానని ఒకసారి మళ్లీ లోపలికి పోయాను. మూడు విడతల్లో అట్ట మొత్తం అరచేతి మీద రాసుకున్నాను. నేనేదో ఘనకార్యం చేసినట్టు చెయ్యి ముడుచుకుని ఏలియా దగ్గరికి ఉరికాను.

నేర్చుకునే పద్ధతి అతనిది. జపమాల తీసి, పూసకు ఒక అక్షరం చొప్పున పెట్టుకున్నాడు. వరుస మారేచోట రెండు పూసలు కలిపి పట్టుకునేవాడు. మూడు రోజులు ఇంజన్ కింద, క్యాంటీనులో, గ్రౌండులో అదే జపం. పరీక్ష రోజున డాక్టర్ అతని కుడి కన్ను అట్టముక్కతో మూశారు. ఏలియా చెయ్యి జేబులో పెట్టి పూసలు జరపడం మొదలుపెట్టాడు. పాపం, బెదురులో వేగం పెరిగిపోయింది. డాక్టర్ బెత్తం మూడో వరుస మీద ఉండగానే మనవాడు ఐదో వరుసలోకి పోయాడు. తలుపు పక్కన నాకు ముచ్చెమటలు పోశాయి. డాక్టర్ ముసలాయన, మంచివాడు, మా మ్యాచ్‌లన్నీ చూసేవాడు.

"ఏందయ్యా, రైలు పోతాందా? గ్రౌండ్ల గింత స్పీడ్ లేదు గద నీకు" అని నవ్వి సంతకం పెట్టేశారు.

బయటికొచ్చి ఇద్దరం నవ్వలేక చచ్చాం. మిర్చి బజ్జీలు తిన్నాం, రెండేసి చాయ్‌లు తాగాం. గెలిచామనుకున్నాం. క్రిస్మస్ వచ్చేసరికి ఆ కంట్లో వెలుతురు కూడా లేదు.

ఒంటి కన్నుతో స్టాపర్ ఆడటం ఎలాగో మీకు చెప్పాలి. కుడి పక్క అతను చూస్తాడు. ఎడమ పక్క నేను చూస్తాను. చూసి అరుస్తాను. ఊరికే "ఎడమ, ఎడమ" అని అరిస్తే ఎదుటివాళ్లకు తెలిసిపోతుంది. అందుకని ములుగు బస్సు వరంగల్ వచ్చే దారిలోని పేర్లు పెట్టుకున్నాం. ఎడమ పక్క మనిషి దూరంగా ఉంటే "ములుగు". పరుగెత్తి వస్తుంటే "ఎనుమాముల". భుజం దగ్గరికి వచ్చేస్తే "మట్టెవాడ". ఆట తొంభై నిమిషాలూ నేను గోల్‌లో నిలబడి "ములుగు, ములుగు, ఎనుమాముల, మట్టెవాడ మట్టెవాడ" అని గొంతు చించుకునేవాణ్ణి. జనం నాకు కండక్టర్ అని పేరు పెట్టారు. గోల్ వెనక నిలబడి "ఓ కండక్టరన్నా, హన్మకొండ టికెట్ ఒకటియ్యి" అనేవాళ్లు. నా కోపం సంగతి తెలుసు కదా. అయినా పళ్లు బిగబట్టి ఒక్క మాట అనలేదు. ఆ ఐదేళ్లూ నేను ఎవరితోనూ కొట్లాడలేదు. నా కళ్లు నావి కావు మరి.

సికింద్రాబాద్, విజయవాడ, గుంతకల్లు, ఎక్కడికి పోయినా అదే బస్సు నడిపాం. విజయవాడ పోయినప్పుడల్లా డోర్నకల్‌లో దిగి ప్లాట్‌ఫారం మీద చాయ్ తాగేవాళ్లం. ఒకసారి ఒక పేపర్‌లో జిల్లా పేజీలో రాశారు, ఏలియా ఎంతటి అనుభవజ్ఞుడంటే ఎడమ పక్కకు కన్నెత్తి చూడకుండానే బంతిని లాక్కుంటాడని. ఆ ముక్క చదివి ఏలియా పడీపడీ నవ్వాడు. నేనూ నవ్వాను.

1981లో రాష్ట్ర జట్టు క్యాంపుకు రమ్మని ఏలియాకు కబురొచ్చింది. ఖలాసీ బతుకులో అలాంటి కబురు ఒక్కసారి వస్తుంది. మా షెడ్డులో అంతకుముందు ఎవరికీ రాలేదు. ప్రమీలకు నెలలు నిండాయని సాకు చెప్పి పోలేదు. అసలు కారణం, అక్కడ గోల్‌లో నేనుండను. ఇది అతను నాతో అనలేదు, నేను అడగలేదు. అతను పోనందుకు నాకు లోపల సంతోషం వేసింది. ఈ మాట రాయడానికి సిగ్గుగా ఉంది గానీ రాయకపోతే మిగతాదంతా అబద్ధమవుతుంది.

ఒక్కసారి మాత్రం ఏలియా మనసు విప్పాడు. రైల్లో కిటికీ పక్కన కూర్చుని ఉన్నాం.

"జపమాల పట్టుకుంటే ప్రార్థన వస్తలేదన్నా" అన్నాడు. "అట్ట మీది అక్షరాలే వస్తానయి. మరియమ్మ ముంగట నిలబడి డాక్టర్‌కు చెప్పినట్టే చెప్తాన్న."

"మరిచిపోతవు తియ్" అన్నాను.

"అక్షరాలు మరిచిపోవచ్చు. అబద్ధమాడింది మరిచిపోతనా?"



ఆ కాన్పులో పుట్టిన పాప పేరు రత్నం. 1984లో మూడేళ్ల పిల్ల. తండ్రి డ్యూటీ నుంచి వచ్చేవేళకు గుమ్మంలో నిలబడేది. ఒకరోజు నేను కూడా వెంట ఉన్నాను. రత్నం ఎడమ పక్క నుంచి రెండు చేతులూ చాపి ఉరికొచ్చింది. ఏలియా చూడలేదు. పిల్లను దాటుకుని లోపలికి వెళ్లిపోయాడు. పిల్ల చేతులు అలాగే చాపి నిలబడింది కాసేపు. తర్వాత నేల మీద కూలబడి ఏడ్చింది. అలిగి ఏడ్చే ఏడుపు కాదది. నాన్నకు తను అక్కర్లేదనుకున్న ఏడుపు.

ప్రమీల వంటింటి తలుపు దగ్గర నిలబడి చూసింది. ఏలియా కాళ్లు కడుక్కోవడానికి పెరట్లోకి పోయాక నా దగ్గరికొచ్చింది.

"అన్నా, ఆయనకు ఆ కన్ను కనపడ్తలేదు గద?"

"అట్లాంటిదేం లేదు చెల్లె."

"కంచం కుడి దిక్కు జరుపుకుంటడు. గుడిల నన్ను ఎడమ దిక్కు కూసోనియ్యడు. నేను పిచ్చిదాన్ననుకున్నరా మీరు?"

"అలిసిపోయి ఉంటడు. ఫికర్ పెట్టుకోకు" అన్నాను.

అన్నా అని పిలిచిన ఆడబిడ్డ కళ్లలోకి చూసి అబద్ధం చెప్పాను. ఆమె పిల్లనెత్తుకుని లోపలికి పోయింది. మేమిద్దరం నిజం చెప్పే రకం కాదని ఆ క్షణంలోనే తేల్చుకుంది కాబోలు.

ఆ సెప్టెంబరులో మళ్లీ పరీక్ష. పాత డాక్టర్ రిటైరై సరస్వతి అనే కొత్త డాక్టరమ్మ వచ్చింది. ఏలియాకు పాత అట్ట ఇంకా నోటికి ఉంది. అట్ట మారిందేమోనని నేను ముందే తొంగి చూశాను, మారలేదు. ధైర్యంగా లోపలికి పోయాడు. నేను యథాప్రకారం తలుపు పక్కన. కానీ డాక్టరమ్మ అట్ట వైపు చూడనే లేదు. కిటికీ తెర లాగించి, చిన్న లైటు పట్టుకుని ఏలియా ఎడమ కంట్లోకి వంగింది. చాలాసేపు చూసింది.

"ఎన్నాళ్లయింది?"

ఏలియా జేబులోంచి చెయ్యి తీశాడు. "ఐదేండ్లు మేడం."

"దెబ్బ తగిలిన మొదటి నెలలో వచ్చి ఉంటే హైదరాబాద్ పంపి ఆపరేషన్ చేయించేవాళ్లం. కన్ను నిలబడే అవకాశం ఉండేది. కంటి వెనక పొర పూర్తిగా ఊడిపోయింది. ఇప్పుడు ఎవరూ ఏమీ చేయలేరు." లైటు ఆర్పి అడిగింది. "ఎందుకు దాచావయ్యా?"

"నౌకరి పోతదని."

"నౌకరి ఎందుకు పోతుంది? అన్‌ఫిట్ అంటే ఇంజన్ కింద పనికి అన్‌ఫిట్ అని. చూపుతో అంత పని లేని చోట వేస్తారు. జీతం కూడా తగ్గదు."

నేనింక ఆగలేకపోయాను. తలుపు తోసుకుని లోపలికి పోయాను. "మరి మొగిలయ్యను ఇంటికి పంపిండ్రు గద మేడం? బాయిలర్ మొగిలయ్యను?"

డాక్టరమ్మకు ఆ పేరు తెలియదు. మూలన మందులు సర్దుతున్న కాంపౌండర్ నర్సయ్య తలెత్తాడు.

"మొగిలయ్యనా? ఇంటికెందుకు పంపుతరు? డోర్నకల్ల వెయిటింగ్ రూం కాడ ఉన్నడు. మొన్ననే బిడ్డ పెండ్లి చేసిండు, నేను పోయొచ్చిన."

డోర్నకల్. ఐదేళ్లలో ఎన్నిసార్లు దిగామో, ఎన్ని చాయ్‌లు తాగామో. ఆ వెయిటింగ్ రూంలోకి ఒక్కసారి తల పెట్టి చూసినా మొగిలయ్య పలకరించేవాడు. ఒక మనిషి కనపడకపోతే, ఏమయ్యాడని ఎవరినీ అడగకుండా, మాకు మేమే అతని నౌకరీ పీకేశాం. ఆ పీకేసిన కథతో ఏలియా కన్ను పీకేశాను. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమంటారు, నాకు పట్టుకోవడానికి ఆకు కూడా లేదు.

తర్వాతి సంగతి ముందే చెప్పేస్తాను. ఏలియాను స్టోర్స్ కిటికీలో వేశారు. సామాను ఇచ్చి సంతకం తీసుకునే పని. ఆట ఆ రోజుతో ఆఖరు, ముప్పై రెండేళ్లకే. నేను ఇంకో సీజన్ ఆడి మానేశాను. మనసు ఒప్పలేదు, గోల్స్ కూడా బాగానే పడ్డాయి. రెండేళ్ల తర్వాత ఏలియా చిన్న చిన్న మ్యాచ్‌లకు విజిల్ పట్టుకున్నాడు. రిఫరీని తిట్టడం జనానికి జన్మహక్కు కదా. "ఏందిరా, కండ్లు కనపడ్తలేవా?" అని ఎవడో అరిస్తే, ఏలియా ఆటాపి వాడి వైపు తిరిగి, "ఒకటి కనపడ్తది తమ్మీ. దానితోనే చూసిన, ఫౌలే" అనేవాడు. జనం నవ్వేవాళ్లు. హాస్యమాడుతున్నాడనుకునేవాళ్లు. రత్నానికి మాత్రం తల్లి నేర్పింది, నాన్న దగ్గరికి కుడి పక్క నుంచే ఉరకాలని.

ఇవన్నీ తర్వాత. నా మనసు ఇంకా ఆ రోజు దవాఖాన వరండాలోనే ఉంది.

మేము బయటికి వచ్చేసరికి ప్రమీల వరండాలో బెంచీ మీద కూర్చుని ఉంది. అప్పుడు అర్థమైంది. ముందు రోజే బడి నుంచి నేరుగా వచ్చి డాక్టరమ్మకు చెప్పింది ఆమె. ఏలియాను చూసి లేచింది. అతను తల ఊపాడు. ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుని కాసేపు గోడ వైపు తిరిగింది.

"మొగిలయ్య ముచ్చట చెప్పి నేనే ఆపిన చెల్లె" అన్నాను. "అక్షరాలు రాసుకొచ్చింది గూడ నేనే. ములుగుల గోల్ ఇడిసిపెట్టి ఉరికింది గూడ నేనే."

"నిన్ను అన్నా అని పిలిచిన" అంది ప్రమీల. గొంతు పెంచలేదు. "ఎవల్ని అడగాల్నో తెల్వక నిన్ను అడిగిన."

"తిట్టు చెల్లె. నాలుగు మాటలు అను."

"తిట్టను. తిడితే నీ పాణం తేలికైతది."

కంటి చుక్కల చీటీ తీసుకుని మందుల కిటికీ దగ్గరికి వెళ్లిపోయింది. కోపంతో అన్న మాట కాదది. న్యాయంగా అన్న మాట. నాకు తెలిసిన తిట్లన్నీ కలిపినా దాని కాలిగోటికి సరిపోవు.

ఏలియా వరండా మెట్ల మీద కూర్చున్నాడు. ఎదురుగా ఇంజన్లు షంటింగ్ చేస్తున్నాయి. నేనూ పోయి కూర్చున్నాను, కావాలనే ఎడమ పక్కన. నా ముఖం అతనికి కనపడకూడదు. కళ్ల నుంచి కారేది కారుతోంది, తుడుచుకుంటే చెయ్యి కదిలినట్టు తెలుస్తుందని తుడుచుకోలేదు. ఎంత ఆపుకున్నా ముక్కు ఊరుకోదు కదా.

ఏలియా ఇంజన్ల వైపే చూస్తూ అన్నాడు.

"అన్నా, ఏడుస్తే ఇటు కుడి దిక్కు వచ్చి ఏడువు. అటు కూసుంటే నాకు కనపడవు."

నేను లేచి, అతని ముందు నుంచి నడిచి, కుడి పక్కకు వెళ్లి కూర్చున్నాను.